భాగ్యం తెచ్చిన జ్యూస్

తెనాలి,
ఏప్రిల్ 22

భాగ్యానికి,

ఫోన్ చేయకు, మెసేజ్ పెట్టకు. నా ఫోన్ ఇప్పుడు మా ఆయన జేబులో ఉంటోంది. డిగ్రీ చదివేటప్పుడు సెలవులకి ఇళ్ళకెళ్ళి ఒకరికొకరం ఉత్తరాలు రాసుకునేవాళ్ళం కదా, నలభై దాటాక మళ్ళీ ఆ ముచ్చట తీరుతోంది. జవాబు మా వీధి చివర మగ్గం వర్క్ షాపు పెట్టిన సాయి ప్రియ పేరు మీద రాయి. జాకెట్లతో పాటు తెచ్చి ఇస్తుంది.

మొన్న ఆదివారం మీ హాస్టల్‌కి గిన్నెలు కొనడానికి తెనాలి వచ్చి మా ఇంట్లో భోజనానికి ఆగావు కదా. అత్తయ్య అంగలకుదురు వెళ్ళింది. మావయ్య తిని పడుకున్నారు. ఇల్లు మనదే అనుకుని నేను పైనాపిల్ కోశాను. నువ్వు కొబ్బరి తురిమి పాలు పిండావు. నీకు రమ్ము లేకుండా, నాకు రమ్ము పోసి నేనే కలిపాను. ఆ రమ్ము మావయ్య దగ్గుమందు. మిలిటరీలో చేసి వచ్చిన స్నేహితుడు ఇచ్చిన సీసా అది, అమృతాంజనం పక్కనే ఉంటుంది. చలికాలంలో వేణ్ణీళ్ళలో చెంచాడు వేసుకుంటారు.

నువ్వు ఆటో ఎక్కి స్టేషన్‌కి వెళ్ళావు. నా గ్లాసులో సగం మిగిలింది. స్టీలు గ్లాసు, పైన తెల్లటి నురగ, చూస్తే ఎవరైనా మజ్జిగ అనుకుంటారు. ఈయన ఎండలోంచి వచ్చాడు. నేను వంటింట్లోంచి వచ్చేలోపు ఎత్తి గటగటా తాగేశాడు. తాగాక గ్లాసులోకి తొంగిచూసి, "ఇందులో రమ్ముందేంటే?" అన్నాడు.

ఇక చూడు, అరుపులు. మావయ్య లేచి కూర్చున్నారు. పక్కింటివాళ్ళు టీవీ సౌండ్ తగ్గించారు. నోటికొచ్చింది ఏదో చెప్పాను, కాస్త చల్లబడ్డాడు. అయినా అత్తయ్య వచ్చాక మళ్ళీ మొదటినుంచీ మొదలు.

నా కడుపుమంట ఏంటో నీకు తెలుసు. ఫిబ్రవరిలో ఈయన, ఈయన అన్నదమ్ములు కలిసి గోవా వెళ్ళారు. పైనాపిల్ డొప్పలో స్ట్రా, దాని మీద కాగితం గొడుగు, వెనక సముద్రం. అందరి స్టేటస్‌లోనూ అదే ఫోటో. "ఎలా ఉంటుందండీ అది?" అని అడిగాను. అడిగానంతే. "ఆడోళ్ళకెందుకే అవన్నీ" అన్నాడు. అందుకే చేశాను. చాలా బాగుంది కూడా.

నువ్వు క్షేమమే కదా? మీ అమ్మాయి భవాని పరీక్షలు ఎలా రాసింది?

నీ
బిందు


బాపట్ల,
ఏప్రిల్ 27

ఏమే బిందూ,

నీ ఉత్తరం చదివి ముందు నవ్వాను, తర్వాత ఒళ్ళు మండిపోయింది. మీ ఆయన రమేష్ బాబు ఆదివారం ఆదివారం అన్నదమ్ములతో డాబా మీద కూర్చుంటే, మెట్లెక్కి దిగి కొరమీను వేపుడు, రొయ్యల వేపుడు, ఉడకబెట్టిన వేరుశనక్కాయలు అందించేది ఎవరు? ఐసు అయిపోతే పక్కింటి ఫ్రిజ్జులోంచి అడిగి తెచ్చేది ఎవరు? వాళ్ళు తాగిన గ్లాసులు కడిగేది ఎవరు? ఆ చేతులతో ఒక్క గ్లాసు నువ్వు కలుపుకుంటే కొంప మునిగిందా?

నా సంగతి నీకు తెలుసు. నేనా వాసన కూడా భరించలేను. మా ఆయన్ని నా కళ్ళముందే ఆ సీసా తినేసింది. చివర్లో కళ్ళు పచ్చబడి, కడుపుబ్బి, గుంటూరు ఆసుపత్రి వరండాలో పోయాడు. ఆ రోజు నువ్వు రమ్ము మూత తీస్తుంటే కిటికీ దగ్గరికి జరిగి కూర్చున్నాను, చూశావు కదా. అయినా వద్దని ఎందుకు అనలేదంటే, పైనాపిల్ ముక్కలు మిక్సీలో వేస్తూ నువ్వు నవ్వావు. నువ్వు నవ్వగా చూసి చాలా కాలమైంది. పోనీలే, ఒక్క గ్లాసేగా, ఇంట్లోనేగా అనుకున్నాను.

ఇంతకీ నోటికొచ్చింది ఏదో చెప్పాను అన్నావు. ఏం చెప్పావే? నువ్వు భయపడి ఏదో ఒకటి అనేస్తావు, తర్వాత దాన్ని కప్పడానికి ఇంకోటి అంటావు. అదంతా ఎందుకు? "నేనే చేశాను, నేనే తాగాను, మీకు గోవా ఎంతో నాకు నా వంటిల్లు అంత" అని మొహమ్మీదే చెప్పెయ్యి. కొడతాడా? కొడితే నాకు రాయి. నేను వస్తాను.

భవాని పరీక్షలు బాగానే రాసింది. హాస్టల్లో ఇంజనీరింగ్ పిల్లలకి ఇంకా పరీక్షలున్నాయి. పొద్దున్నే ఉప్మా అంటే మొహాలు మాడ్చుకుంటున్నారు, వాళ్ళని బుజ్జగించేసరికి నా పని అయిపోతోంది.

నీ
భాగ్యం


తెనాలి,
మే 3

భాగ్యం,

ధైర్యం చెప్పావు, బాగుంది. నువ్వు చెప్పినంత తేలిక కాదు ఇక్కడ.

అత్తయ్య మిక్సీ జారు పనిమనిషికి ఇచ్చేసింది. మైల పడిందట. గ్లాసులన్నీ చింతపండు పెట్టి తోమించింది. నన్ను తలస్నానం చేయమంది, ఇంట్లో పసుపునీళ్ళు చల్లింది. మొన్న ఆదివారం మళ్ళీ డాబా మీద నలుగురూ చేరారు. వాళ్ళు తాగిన గ్లాసులు ఎప్పటిలాగే నా సింకులోకే వచ్చాయి. వాటికి చింతపండూ లేదు, పసుపూ లేదు. అత్తయ్యతో అదే అన్నాను. "మగోళ్ళతో నీకు పోటీ ఏంటమ్మా" అని విస్తుపోయింది.

పెద్ద పంచాయితీ కూడా అయింది. మా పెద్దాడపడుచు వచ్చింది, మా మరిది విష్ణువర్ధన్ వచ్చాడు. నన్ను ఎవరూ పెద్దగా తిట్టలేదు. జాలిపడ్డారు. అదే నాకు తిట్టినట్టు అనిపించింది.

ఏం చెప్పానని అడిగావు. ఏముందే, జ్యూస్ పులిసిందేమో అన్నాను. వదిలెయ్యి, ఆ మాట ఇక ఎత్తకు.

ఒక్కటి మాత్రం గుర్తుపెట్టుకో. విష్ణువర్ధన్ నీ హాస్టల్ ఓనరు కాబట్టి ఎప్పుడో ఒకసారి నిన్నేమైనా అడగొచ్చు. అడిగితే నాకేం తెలియదని చెప్పు. ఎదురు మాట్లాడకు. నా మాటమీద నీకా వార్డెన్ పని ఇచ్చాడు, నన్ను చూసైనా ఊరుకుంటాడు.

ఎండలు మండుతున్నాయి. నీళ్ళు బాగా తాగు.

బిందు


బాపట్ల,
మే 9

బిందూ,

జ్యూస్ పులిసిందేమో అన్నావా?

ఈ రోజు పొద్దున మీ మరిది వచ్చాడు. భోజనాల హాల్లో పిల్లలంతా ప్లేట్లు పట్టుకుని వరసలో ఉన్నారు. నేను గరిటె పట్టుకుని ఉప్మా వడ్డిస్తున్నాను. వరసలో భవాని కూడా ఉంది. పక్కకి పిలిచి అడుగుతాడేమో అనుకున్నాను. అక్కడే, అందరి ముందూ మొదలుపెట్టాడు.

"ఆడపిల్లల్ని నీకప్పజెప్పి నేను ఇంట్లో నిద్రపోతున్నాను. నువ్వు మందు కలిపి బాటిల్లో పట్టుకెళ్ళి జ్యూసని చెప్పి మా వదినకి తాగిస్తావా? రేపు ఈ పిల్లలకి కూడా తాగిస్తావా?"

"ఎవరు చెప్పారు సార్?" అన్నాను.

"మా వదినే చెప్పింది. భాగ్యం తెచ్చిన జ్యూసు, అందులో ఏం కలిపిందో నాకు తెలీదు అంది. ఏడ్చింది కూడా పాపం."

నా చేతిలో గరిటె అలాగే ఉండిపోయింది. వెనకాల ఎవరో కిసుక్కున నవ్వారు. ఇంకెవరో "వార్డెన్ ఆంటీయా!" అన్నారు. భవాని ప్లేటు బల్లమీద పెట్టేసి బయటికి వెళ్ళిపోయింది.

పనిలోంచి తీసేసి, సాయంత్రానికల్లా హాస్టల్ గది ఖాళీ చేయమన్నాడు. చేస్తున్నాను. సామాను సర్దుతూనే ఇది రాస్తున్నాను, అక్షరాలు వంకరపోతే నువ్వే సర్దుకుని చదువుకో.

నీకు చెప్పడానికి ఊళ్ళో ఇంకెవరి పేరూ దొరకలేదా? బజార్లో జ్యూస్ బండివాడు దొరకలేదా? నా పేరే ఎందుకొచ్చిందో నాకు తెలుసు. చేపలు పట్టేవాళ్ళ పిల్ల, మొగుడు తాగి తాగి పోయాడు. దీని పేరు చెబితే మారుమాట లేకుండా నమ్ముతారని నీకు తెలుసు. ఆలోచించి అని ఉండవు, నిజమే. ఆలోచించకుండానే నా పేరు నీ నోట్లోకి వచ్చింది చూడు, నా కడుపు రగిలిపోతోంది అందుకే. ఇన్నేళ్ళూ నీ మనసులో నేను ఎక్కడున్నానో ఇప్పుడు తెలిసింది.

ఇంకోటి. నేను నీకు ధైర్యం చెబుతూ ఉత్తరం రాశాను. "కొడితే నాకు రాయి, నేను వస్తాను" అన్నాను. ఆ ఉత్తరం చదువుతున్నప్పుడు నీకు సిగ్గనిపించలేదా?

భాగ్యశ్రీ


తెనాలి,
మే 14

భాగ్యం,

ఈ ఉత్తరం నీకు అందుతుందో లేదో. మీ అన్నయ్య గంగరాజు ఇంటి అడ్రసుకి రేపల్లె పంపుతున్నాను. నువ్వు ఇంకెక్కడికి వెళతావు?

తిట్టావు. తిట్టు. కానీ నా పరిస్థితి కూడా చూడు. గ్లాసు ఆయన చేతిలో ఉంది, మావయ్య లేచి చూస్తున్నారు, నా నోట్లోంచి ఇంకా వాసన వస్తోంది. ఆ క్షణంలో ఏం చెప్పాలి? నువ్వు ఊళ్ళో లేవు కదా, మాట నీదాకా రాదు అనుకున్నాను. విష్ణువర్ధన్‌కి చేరుతుందని కలగన్నానా? పంచాయితీ అయ్యాక కూడా నీ పనికి ఎసరు పెట్టొద్దని చెప్పాను. "చూద్దాంలే వదినా" అన్నాడు. సరే అన్నట్టే అనుకున్నాను.

నాకు కోపం రాదనుకోకు. నువ్వు పక్కనే కూర్చున్నావు. కొబ్బరి తురిమింది నువ్వే. పాలు పిండింది నువ్వే. వద్దని ఒక్కసారి అన్నావా? ఇప్పుడు నేనొక్కదాన్నే దోషినైనట్టు రాశావు. చేపలవాళ్ళ పిల్ల అని నేను ఎప్పుడైనా అన్నానా? నీ కంచంలో తిన్నాను, నీ దుప్పటిలో పడుకున్నాను. అంత మాట ఎలా రాశావు?

కొన్నాళ్ళు ఓపిక పట్టు. గుంటూరులో మా అన్నయ్యకి తెలిసినవాళ్ళ బట్టల షాపు ఉంది, అడుగుతాను. ఇక్కడ కూడా ఈ గొడవ చల్లారుతోంది. ఇప్పుడు మళ్ళీ నిజం అంటూ మొదలెడితే నన్ను బతకనివ్వరు. నాకూ దూరాన చదువుకుంటున్న పిల్లలున్నారే.

బిందు


రేపల్లె,
మే 21

బిందూ,

ఉత్తరం అందింది. అన్నయ్య ఇంట్లోనే ఉన్నాను. రెండు గదుల ఇల్లు. మా వదిన ఒక మాట అనలేదు కానీ, భవాని పుస్తకాలు పెట్టుకోవడానికి బియ్యం డబ్బా జరపాల్సి వచ్చింది. అన్నయ్య నిజాంపట్నం నుంచి చేపలు తెచ్చి ఇక్కడ అమ్ముతాడు, నేను కూడా పొద్దున్నే మార్కెట్‌లో కూర్చుంటున్నాను. చేపలవాళ్ళ పిల్ల అని రాస్తే నీకు బాధేసిందన్నావు కదా. నాకు ఆ మాటలో బాధేమీ లేదు. నువ్వు దాన్ని వాడుకున్న తీరులో ఉంది.

అన్నయ్య తెనాలి వచ్చి మీ ఇంటిముందు నిలబడి అడుగుతానన్నాడు. నేనే ఆపాను. ఆయన వచ్చి అరిస్తే, చూశారా వీళ్ళు ఇంతే అంటారు. మీవాళ్ళకి ఆ సంతోషం కూడా ఎందుకు?

కొబ్బరి తురిమానని రాశావు. తురిమాను. ఆ కొబ్బరే నేరమైతే నా పేరు చెప్పాల్సింది. నువ్వు చెప్పింది రమ్ము గురించి.

బట్టల షాపు వద్దు. జూన్‌లో కాలేజీలు తెరుస్తారు. భవాని ఇంటర్ రెండో సంవత్సరం బాపట్లలోనే చదవాలి. నేను ఊళ్ళో లేకుండా దాన్నెక్కడ పెట్టను? నాకు ఆ పని కావాలి, ఆ గది కావాలి. అన్నిటికంటే ముందు నా పేరు నాకు కావాలి. మొన్న భవాని ఏమడిగిందో తెలుసా? "అమ్మా, నువ్వు నిజంగానే తీసుకెళ్ళావా?" అంది. నాన్న చావు చూసిన పిల్ల నన్ను ఆ మాట అడిగింది. నీకు నిద్ర ఎలా పడుతోంది?

ఎవరి ముందు నా పేరు చెప్పావో వాళ్ళ ముందే నీ పేరు చెప్పు. అది అయ్యేదాకా నాకు రాయకు. నీ నంబరు కూడా బ్లాక్ చేశాను.

భాగ్యశ్రీ


తెనాలి,
జూన్ 10

భాగ్యం,

చెప్పాను. చెప్పాకే రాయమన్నావు కాబట్టి రాస్తున్నాను. ఏం జరిగిందో మొత్తం చదువు, తర్వాత చింపేసుకో.

భోజనాల దగ్గర చెప్పాను. ఆయన, అత్తయ్య, మావయ్య ముగ్గురూ ఉన్నారు. "భాగ్యం ఏమీ తేలేదు. పైనాపిల్ నేను కొన్నాను, రమ్ము మావయ్యగారి సీసాలోంచి నేను పోశాను, తాగింది నేను. భాగ్యం చుక్క కూడా ముట్టుకోలేదు" అన్నాను. ఇల్లు ఎగిరిపోతుందనుకున్నాను.

ఆయన పప్పు కలుపుకుంటూ నవ్వాడు. "ఫ్రెండ్ ఉద్యోగం పోయిందని నీమీదేసుకుంటున్నావ్. నీ మనసు నాకు తెలీదా?" అన్నాడు.

"నేనే చేశానండీ" అన్నాను.

"నీకవన్నీ ఏం తెలుసే" అన్నాడు.

లేచి వెళ్ళి సీసా తెచ్చి బల్లమీద పెట్టాను. భుజం దాకా ఉండాల్సిన రమ్ము నడుం దగ్గరుంది. మావయ్యని అడిగాను. "మీకు తెలుసు కదండీ, ఇది తగ్గింది చూశారు కదా?" అన్నాను. చలపతిరావుగారు, ఊళ్ళో తగువులు తీర్చే పెద్దమనిషి, నా మొహంలోకి చూడకుండా "నేనే తాగానమ్మా. ఆ మధ్య దగ్గు ఎక్కువైంది" అన్నారు. ఏప్రిల్ ఎండల్లో దగ్గట!

అప్పుడర్థమైంది నాకు. వాళ్ళకి నిజం తెలియక కాదు, తెలియకపోతే అత్తయ్య ఆ రోజు మిక్సీ జారు ఎందుకు ఇచ్చేస్తుంది? నేను తాగానంటే వాళ్ళ ఇంటికి మచ్చ. నువ్వు తాగించావంటే ఎవరికీ ఏమీ కాదు. నేను ఆ అబద్ధం ఒక్కసారి చెప్పాను, వాళ్ళు దాన్ని ఇంట్లో పీట వేసి కూర్చోబెట్టారు.

ఆదివారం దాకా ఆగాను. డాబా మీద ఆయన, విష్ణువర్ధన్, ఇంకో ఇద్దరు అన్నదమ్ములు. పై నుంచి కేక, "బిందూ, రొయ్యలయ్యాయా?" అని. రొయ్యలు వేయించలేదు. కొత్త మిక్సీ, పైనాపిల్, కొబ్బరికాయ, నిమ్మకాయ, ఐసు, మావయ్య సీసా అన్నీ పెద్ద బేసిన్లో పెట్టుకుని పైకెక్కాను. వాళ్ళు పాటల డబ్బా పెట్టుకునే ప్లగ్గు ఉంది కదా, ఆ వైరు పీకి మిక్సీ పెట్టాను.

"ఏంటి వదినా ఇది?" అన్నాడు విష్ణువర్ధన్.

"చూడు" అన్నాను.

వాళ్ళ ముందే పైనాపిల్ చెక్కు తీశాను. కళ్ళు గీకి ముక్కలు కోశాను. కొబ్బరి కొట్టి తురిమి, వేణ్ణీళ్ళు పోసి తిప్పి, గుడ్డలో వేసి పాలు పిండాను. ఈసారి ఆ పని కూడా నేనే చేశాను. ముక్కలు, పాలు, పంచదార, చిటికెడు ఉప్పు, ఐసు వేసి తిప్పాను. చివర్లో నిమ్మకాయ పిండి రమ్ము పోశాను. కొలిచినట్టు పోశాను. మొదటి గ్లాసు నేను తాగాను. అందరూ చూస్తుండగా పూర్తిగా తాగాను. "భాగ్యానికి ఇది చేయటం రాదు. నాకొచ్చు. ఇప్పుడైనా నమ్ముతారా?" అన్నాను.

ఆయన మొహం నల్లబడింది. కొట్టినా బాగుండేదే భాగ్యం. జరిగింది అది కాదు. చిన్న మరిది జగ్గులోంచి కాస్త వంచుకుని రుచి చూసి, "అన్నయ్యా, గోవాలోది దీని ముందు ఎందుకూ పనికిరాదు" అన్నాడు. ఇంకొకడు గ్లాసు చాపాడు. విష్ణువర్ధన్ కూడా చాపాడు. ఆఖరికి మా ఆయన కూడా! "ఇంత బాగా చేయటం వచ్చుగా, ఇన్నాళ్ళూ చెప్పలేదేం? వచ్చే ఆదివారం రెండు పైనాపిల్స్ తెస్తాను" అన్నాడు. అందరూ నవ్వారు. నా నిజాన్ని వాళ్ళు ఐసేసుకుని తాగేశారు.

విష్ణువర్ధన్ మూతి తుడుచుకుంటూ, "సరే వదినా, ఆవిడ తప్పేం లేదంటున్నావుగా. సోమవారం నుంచి రమ్మను, ఎటూ మనిషి దొరకలేదు" అన్నాడు. పోయిన గొడుగు దొరికిందన్నట్టు అన్నాడు.

జగ్గు లాక్కున్నాను. మిగిలిందంతా పిట్టగోడ మీదనుంచి వీధిలోకి పారబోశాను. "మీకు కలిపి పెట్టడానికి కాదు నేను పైకొచ్చింది. ఇక మీద రొయ్యలు కూడా మీరే వేయించుకోండి" అని దిగి వచ్చేశాను. ఆ రోజు నుంచి ఇంట్లో నాతో ఎవరూ మాట్లాడటం లేదు. నేను కూడా మాట్లాడటం లేదు.

నువ్వు రా. పని నీదే. నన్ను తిట్టాలనుంటే వచ్చి తిట్టు.

బిందు


రేపల్లె,
జూన్ 18

బిందూ,

విష్ణువర్ధన్ గారు ఫోన్ చేశారు. "ఏదో అపార్థం అయింది, వచ్చేయండి" అన్నారు. నేనొక్కటే అడిగాను. "పొమ్మన్నది పిల్లలందరి ముందు కదండి. రమ్మనేది ఫోన్లోనా?" అన్నాను. "అంత రాద్ధాంతం ఎందుకమ్మా" అని పెట్టేశారు.

ఆ పిల్లల దగ్గరికి ఎలా వెళ్ళమంటావు? రేపు ఎవరైనా ఆలస్యంగా వస్తే, ఏ గదిలో అయినా సీసా దొరికితే నేను గట్టిగా అడగగలనా? మొహమ్మీదే నవ్వుతారు. నవ్విన పిల్ల గొంతు నాకు ఇంకా వినిపిస్తూనే ఉంది.

నీ ఉత్తరం భవానికి చూపించాను. మొత్తం చదివింది. నువ్వు డాబా మీద చేసింది చదివి మెచ్చుకుంటుందేమో, నేను కూడా మెత్తబడొచ్చు అనుకున్నాను. నిజం చెబుతున్నాను, జగ్గు పారబోసిన చోట నాకు నీమీద ప్రేమ పొంగింది. భవాని మాత్రం ఉత్తరం మడిచి పెట్టి, "అమ్మా, పిన్ని ఆ రోజు నీ పేరు కాకుండా నా పేరు చెప్పి ఉంటే ఊరుకునేదానివా?" అంది.

"నరికేసేదాన్ని" అన్నాను.

"మరి నీ పేరు చెబితే ఎందుకు ఊరుకుంటావు?" అంది.

అందుకే ఊరుకోవటం లేదు. మీ ఇంట్లో మీవాళ్ళ ముందు చెప్పావు, సరే. వాళ్ళెలాగూ నన్ను మనిషిగా లెక్కపెట్టరు, వాళ్ళు నమ్మితే ఏంటి, నమ్మకపోతే ఏంటి? నా పేరు పోయింది ఆ భోజనాల హాల్లో. నువ్వు బాపట్ల వెళ్ళి, ఆ పిల్లలు ప్లేట్లు పట్టుకుని నిలబడ్డ చోట నిలబడి నీ నోటితో చెప్పు. మీ మరిది రాకపోయినా నాకు అక్కర్లేదు. చెప్పింది నువ్వు. మార్చాల్సింది నువ్వు.

ఆ తర్వాత నేను నీతో మాట్లాడతానని మాట ఇవ్వను. మాట్లాడాలని ఉంది. కానీ నోరు వస్తుందో రాదో నాకే తెలియదు.

భాగ్యశ్రీ


బాపట్ల,
జూన్ 27

భాగ్యం,

నీ గది ముందు మెట్లమీద కూర్చుని రాస్తున్నాను. పొద్దున ఫస్టు బండికి వచ్చాను. ఇంట్లో ఎవరికీ చెప్పలేదు.

టిఫిన్ వేళకి హాల్లోకి వెళ్ళాను. పిల్లలు వరసలో ఉన్నారు, కొత్తగా చేరినవాళ్ళు కూడా చాలామంది ఉన్నారు. డాబా మీద లేని భయం ఇక్కడ వేసింది. ఎవరో కూడా తెలియని పిల్లల ముందు నా గురించి నేను చెప్పుకోవాలి. చెప్పాను. "మీ వార్డెన్ మా ఇంటికి జ్యూస్ ఏమీ తేలేదు. రమ్ము కలుపుకుని తాగింది నేను. దొరికిపోయి, భయపడి ఆవిడ పేరు చెప్పాను. ఆవిడ జన్మలో మందు ముట్టలేదు. ఆ విషయం తెలిసి కూడా చెప్పాను" అన్నాను. చివరి మాట చెప్పకుండా వచ్చేద్దామనుకున్నాను, కానీ ఆగలేకపోయాను.

వెనక బల్ల దగ్గర ఒకమ్మాయి చెయ్యెత్తి అడిగింది. "ఆంటీ, తాగింది మీరు కదా. మరి మీ ఇంట్లో మిమ్మల్నేం చేశారు?"

"నన్నేం చేయలేదమ్మా. ఆవిణ్ణి పనిలోంచి తీసేశారు" అన్నాను.

ఒక్కరు కూడా నవ్వలేదు. ఆ పిల్ల కాసేపు నన్నే చూసింది. తర్వాత తల తిప్పేసుకుంది. నువ్వు చూపించాల్సిన కోపమంతా ఆ పిల్ల మొహంలో చూశాను.

విష్ణువర్ధన్‌కి ఎవరో ఫోన్ చేసినట్టున్నారు, బండేసుకుని వచ్చాడు. "మా పరువు బజార్లో పెట్టావు వదినా" అన్నాడు. "భాగ్యం పరువు నువ్వు పెట్టింది కూడా ఈ హాల్లోనే" అన్నాను. నీ గది తాళాలు వాచ్‌మన్ జకరయ్య చేతిలో పడేసి, "ఆవిడొస్తే ఇచ్చెయ్యి" అని వెళ్ళిపోయాడు. ఆ వెంటనే మా ఆయన ఇక్కడి హాస్టల్ ఆఫీసు గదిలోని ఫోన్‌కి చేశాడు. "బయటోళ్ళ ముందు తాగుబోతునని చెప్పుకున్నావంటగా. ఇంక ఇంటికి రానక్కర్లేదు" అన్నాడు. సరేనండి అన్నాను. రేపు మళ్ళీ రమ్మంటాడో, పంచాయితీ పెడతాడో, అది నేను చూసుకుంటాను. అందులోకి నిన్ను లాగను.

ఈ ఉత్తరం రేపల్లె బస్సు కండక్టరు చేతికిచ్చి పంపుతున్నాను, మార్కెట్‌లో గంగరాజన్నయ్యని అడిగితే ఎవరైనా చూపిస్తారని చెప్పాను. తాళాలు జకరయ్య దగ్గర ఉన్నాయి. కాలేజీ తెరిచారు, భవాని క్లాసులు పోతున్నాయి. దాన్ని తీసుకుని రా. నన్ను చూడాలని లేకపోతే జకరయ్యకి ఫోన్ చేసి చెప్పు, నువ్వు బస్సు దిగేలోపు వెళ్ళిపోతాను.

బిందు